అంగన్‌వాడీ పదోన్నతిలో తేడా వస్తే: ఏ కాగితం, ఏ రోజు, ఎవరి చేతికి

సీడీపీఓ (శిశు అభివృద్ధి ప్రాజెక్టు అధికారి) ఆఫీసు నోటీసు బోర్డు మీద తాత్కాలిక సీనియారిటీ జాబితా అంటించిన రోజు చాలామంది తమ పేరు ఉందో లేదో చూసుకుని బస్సెక్కేస్తారు. పేరు ఎదురుగా ఉన్న తేదీని చూడరు. ఆరు నెలల తర్వాత తమకన్నా వెనక చేరినామె సూపర్‌వైజర్ అయిందని సెక్టార్ మీటింగ్‌లో తెలుస్తుంది. గొడవ అప్పుడు మొదలవుతుంది, కానీ సగం కేసు అప్పటికే చేయి దాటిపోయి ఉంటుంది. అభ్యంతరాల గడువు ముగిసిపోతుంది, తుది జాబితా ఖరారైపోతుంది, అవతలి మనిషి కొత్త పోస్టులో చేరిపోతుంది.

ఇది విశాఖ జిల్లాలో పనిచేసే ఆయాలు, మినీ కార్యకర్తలు, అంగన్‌వాడీ టీచర్ల (కార్యకర్తల) కోసం రాసింది. ఆయా నుంచి కార్యకర్తగా, మినీ నుంచి మెయిన్‌గా, కార్యకర్త నుంచి గ్రేడ్-2 సూపర్‌వైజర్‌గా వెళ్లే మూడు మెట్ల దగ్గరా తగాదాలు దాదాపు ఒకేలా పుడతాయి. "ఆమెకన్నా నేనే ఎక్కువ కష్టపడ్డాను" అన్న వాదన నిజమే కావచ్చు. కానీ దాని మీద ఏ అధికారీ, ఏ కోర్టూ ఫైలు తిరగదోడదు. "నన్ను పరిశీలించిన పద్ధతిలో ఫలానా తప్పు జరిగింది, దాని వల్ల నాకు ఫలానా నష్టం కలిగింది" అని కాగితం మీద చూపిస్తే మాత్రం తిరగదోడక తప్పదు.

చట్టం ముందు మీరెవరు

2006 డిసెంబరులో కర్ణాటక ప్రభుత్వం, అమీర్‌బీ కేసులో సుప్రీంకోర్టు అంగన్‌వాడీ కార్యకర్తలది సివిల్ పోస్టు కాదని తేల్చింది. అందుకే ప్రభుత్వ ఉద్యోగికి రాజ్యాంగం 311వ అధికరణం ఇచ్చే రక్షణ మీకు నేరుగా వర్తించదు. అర్జీలో 311 అని రాస్తే మొదటి పేజీలోనే బలహీనపడతారు. అలాగని చేతిలో ఏమీ లేదనుకోవద్దు. ప్రభుత్వం చేసే ఏ పనీ ఇష్టారాజ్యంగా ఉండకూడదన్న 14వ అధికరణం గౌరవ వేతనం తీసుకునేవారికీ వర్తిస్తుంది. 2022 ఏప్రిల్‌లో మణిబెన్ మగన్‌భాయి భరియా కేసులో, కార్యకర్తలకూ ఆయాలకూ గ్రాట్యుటీ చట్టం వర్తిస్తుందని అదే సుప్రీంకోర్టు చెప్పింది. అది గ్రాట్యుటీ తీర్పు. పదోన్నతి హక్కు ఇచ్చిందని దాన్ని సాగదీసి రాయకండి.

పదోన్నతి పొందడం హక్కు కాదు. అర్హత ఉన్నప్పుడు పరిశీలనకు రావడం హక్కు. 1999 నాటి అజిత్ సింగ్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం దాన్ని ప్రాథమిక హక్కుగానే చూసింది. అందుకే అర్జీ చివర "నాకు పోస్టు ఇప్పించండి" అని కాకుండా "నిబంధనల ప్రకారం నన్ను మళ్లీ పరిశీలించండి" అని అడగాలి.

ఇంకో సంగతి. మాటల్లో అందరం పదోన్నతి అంటాం. నోటిఫికేషన్‌లో మాత్రం చాలాసార్లు "నియామకం" అనో "ఎంపిక" అనో ఉంటుంది, ఎందుకంటే కార్యకర్తది గౌరవ వేతనం, సూపర్‌వైజర్‌ది ప్రభుత్వోద్యోగం. పదోన్నతి అయితే సీనియారిటీదే పెద్ద పీట. ఎంపిక అయితే మార్కులు, రోస్టర్ (రిజర్వేషన్ల వరస) ముందుకొస్తాయి. ఏ మాట వాడారో చూసి అదే మాట మీ అర్జీలో వాడండి.

కేంద్ర ప్రభుత్వం 2022లో ఇచ్చిన సక్షమ్ అంగన్‌వాడీ, పోషణ్ 2.0 మార్గదర్శకాల ప్రకారం కార్యకర్త పోస్టుల్లో 50 శాతం ఐదేళ్ల అనుభవం ఉన్న ఆయాలతో, సూపర్‌వైజర్ పోస్టుల్లో 50 శాతం ఐదేళ్ల అనుభవం ఉన్న కార్యకర్తలతో నింపాలి. అయితే అక్కడే "ఇతర అర్హతలకు లోబడి" అన్న మాట కూడా ఉంది. ఆ అర్హతలను తేల్చేది రాష్ట్ర ఉత్తర్వు. చదువు, వయసు, ఎన్నేళ్ల సర్వీసు, ఏ తేదీ నాటికి అన్నవన్నీ అందులోనే ఉంటాయి. మార్గదర్శకం ఒక్కటే పట్టుకుని వెళితే "రాష్ట్ర నిబంధన వేరు" అని ఒక్క వాక్యంతో తిప్పి పంపేస్తారు. రెండూ పక్కపక్కన పెట్టుకుని చదవండి.

సీనియారిటీ జాబితాలో ఏం చూడాలి

తగాదాల్లో ఎక్కువ భాగం ఇక్కడే పుడుతుంది, తేలిగ్గా సరిదిద్దుకోగలిగేదీ ఇక్కడే. జాబితా అంటించిన రోజే ప్రతి పేజీనీ ఫోటో తీయండి. నోటీసు బోర్డు, అంటించిన తేదీ, కింద సంతకం ఒకే ఫోటోలో కనిపించాలి. తర్వాత "మేం ఫలానా రోజే ప్రదర్శించాం" అని ఎవరైనా అంటే అదే మీ ఆధారం. వాట్సాప్ గ్రూపులో వచ్చిన జాబితా అయితే ఎవరు, ఏ రోజు పంపారో కనిపించేలా స్క్రీన్‌షాట్ ఉంచుకోండి.

తర్వాత మీ పేరు ఎదురుగా ఉన్న గడులు ఒక్కొక్కటే చూడండి. మొదటిది చేరిక తేదీ. నియామక ఉత్తర్వు తేదీ ఒకటి, కేంద్రంలో చేరిన తేదీ ఒకటి, జాబ్ ట్రైనింగ్ పూర్తయిన తేదీ ఇంకొకటి. గుమాస్తా చేతికి ఏ కాగితం ముందు దొరికితే ఆ తేదీ ఎక్కిపోతుంది. ఒకరికి ఉత్తర్వు తేదీ, ఇంకొకరికి ట్రైనింగ్ తేదీ వేస్తే జాబితా మొత్తం వంకర పోతుంది. మీ పేరు పైనా కిందా ఉన్న నలుగురైదుగురి తేదీలు ఏ లెక్కన వేశారో కూడా చూడండి. అందరికీ ఒకే కొలత వాడలేదని చూపించడం మీ ఒక్కరి తప్పు చూపించడం కన్నా బలమైన వాదన.

రెండోది పుట్టిన తేదీ. ఒకే రోజు చేరినవారి మధ్య చాలాచోట్ల వయసే ముందూ వెనకా తేలుస్తుంది. పదో తరగతి మార్కుల మెమోలో ఒకటి, ఆధార్‌లో ఒకటి ఉంటే మెమోనే పట్టుకోండి. ప్రమాద పరిహారం కేసు ఒకదానిలో 2024లో సుప్రీంకోర్టు వయసు నిర్ధారణకు ఆధార్ కన్నా స్కూల్ సర్టిఫికెట్‌కే విలువ ఇచ్చింది. జాబితాలో ఆధార్ తేదీ పడితే వెంటనే అభ్యంతరం పెట్టండి.

మూడోది సర్వీసులో విరామం. తేడాలు ఎక్కువగా దాక్కునే గడి ఇదే. ప్రసూతి సెలవు 180 రోజులు వేతనంతో కూడిన సెలవు, సర్వీసు తెగినట్టు కాదు. 2023 డిసెంబరు 12న మొదలై 42 రోజులు సాగిన సమ్మె కాలం మీ ప్రాజెక్టు రికార్డులో ఎలా నమోదైందో అడిగి చూడండి. కొందరికి విరామంగా, కొందరికి హాజరుగా రాసి ఉంటే అది నేరుగా సమానత్వ ప్రశ్న. పెళ్లయి ఒక ప్రాజెక్టు నుంచి మరో ప్రాజెక్టుకు మారినవారు మార్పు ఉత్తర్వు తీసి చదవాలి. "సీనియారిటీ వదులుకోవడానికి అంగీకరిస్తూ" అన్న షరతు అందులో ఉంటే పాత సర్వీసు అడగడం కష్టం. ఆ షరతు లేకుండానే కొత్త ప్రాజెక్టు చేరిక తేదీ వేసేస్తే మాత్రం అడిగి తీరాలి. ఆయాగా చేసిన కాలాన్ని, మినీ కేంద్రంలో చేసిన కాలాన్ని కార్యకర్త సర్వీసులో కలిపారా లేదా, ఏ ఉత్తర్వు ప్రకారం కలిపారు, లేదా ఎందుకు కలపలేదు అన్నది మాటల మీద వదలొద్దు. రాతపూర్వకంగా అడగండి.

నాలుగోది చదువు. అర్హత ఏ తేదీ నాటికి ఉండాలో నోటిఫికేషన్‌లో ఉంటుంది. ఓపెన్ స్కూల్‌లో పది పాసైనవారు పరీక్ష రాసిన తేదీ కాదు, ఫలితం వచ్చిన తేదీ చూసుకోవాలి. కటాఫ్ తర్వాత వారం రోజులకు మెమో వచ్చినా ఆ దఫాకు అర్హత లేనట్టే. ఈ ఒక్క విషయంలో పోరాడి లాభం లేదు, తర్వాతి నోటిఫికేషన్‌కు కాగితాలు సిద్ధం చేసుకోవడం మేలు. కుల ధ్రువీకరణ పుట్టింటి కులం మీద ఉంటుంది, అత్తింటిది కాదు. పెళ్లి తర్వాత ఇంటిపేరు మారినవారు పాత పేరు, కొత్త పేరు కలిపి చూపే కాగితం జత చేయాలి.

విశాఖలో అదనంగా ఒక చిక్కు ఉంది. 2022 ఏప్రిల్ 4న ఉమ్మడి జిల్లా విశాఖపట్నం, అనకాపల్లి, అల్లూరి సీతారామరాజు జిల్లాలుగా విడిపోయింది. 2010కి ముందు చేరినవారి నియామక ఉత్తర్వులు, చేరిక రిపోర్టులు చాలావరకు పాత పీడీ (ప్రాజెక్ట్ డైరెక్టర్) ఆఫీసు ఫైళ్లలో ఉంటాయి. పాడేరు వైపు నుంచి భీమిలికో, నర్సీపట్నం వైపు నుంచి పెందుర్తికో మారినవారి కాగితం రెండు ఆఫీసుల మధ్య ఇరుక్కుపోతుంది. సూపర్‌వైజర్ పోస్టు జోనల్ స్థాయిది. ఏళ్లుగా జోన్-1 అంటే ఉమ్మడి శ్రీకాకుళం, విజయనగరం, విశాఖ జిల్లాలు. మీ నోటిఫికేషన్‌లో జోన్‌ను ఎలా రాశారో చూసి, జాబితా జోన్ మొత్తానికా ఒక్క జిల్లాకా తేల్చుకోండి. ప్రాజెక్టులో మొదటి స్థానం జోన్‌లో అరవయ్యో స్థానం కావచ్చు. అలాంటప్పుడు ప్రాజెక్టు జాబితా చూపించి వాదిస్తే నిలవదు.

అభ్యంతరం రాయడం

సర్క్యులర్‌లో గడువు ఇస్తే ఆ గడువులోగా, ఇవ్వకపోతే జాబితా అంటించిన వారం రోజుల్లోపు అభ్యంతరం అందాలి. ఒక పేజీ దాటకూడదు. ఒక అభ్యంతరం, దానికి ఒక ఆధారం, చివర ఏం కావాలో ఒక వాక్యం. ఆవేదన రాయొద్దు. పక్కామె గుణగణాలు అసలే రాయొద్దు. ఈ నమూనా సరిపోతుంది:

"ప్రాజెక్ట్ డైరెక్టర్ గారికి, మహిళా శిశు సంక్షేమ శాఖ, విశాఖపట్నం. సీడీపీఓ గారి ద్వారా. విషయం: ఫలానా తేదీన ప్రదర్శించిన తాత్కాలిక సీనియారిటీ జాబితాలో క్రమ సంఖ్య 47పై అభ్యంతరం. అయ్యా/అమ్మా, నేను ఫలానా కేంద్రంలో కార్యకర్తగా 2011 జూలై 4న చేరాను. జాబితాలో నా చేరిక తేదీ 2012 జనవరి 9గా పడింది. అది నా జాబ్ ట్రైనింగ్ పూర్తయిన తేదీ. క్రమ సంఖ్య 30 నుంచి 35 వరకు ఉన్నవారికి కేంద్రంలో చేరిన తేదీనే తీసుకున్నారు. నా చేరిక రిపోర్టు నకలు జత చేశాను. తేదీ సరిచేసి నా పేరును క్రమ సంఖ్య 31కి, 32కి మధ్య చేర్చవలసిందిగా కోరుతున్నాను. ఈ అభ్యంతరంపై కారణాలతో రాతపూర్వక నిర్ణయం ఇచ్చాకే తుది జాబితా ఖరారు చేయవలసిందిగా, అవసరమైతే స్వయంగా వచ్చి వివరించే అవకాశం ఇవ్వవలసిందిగా మనవి. జతపరచినవి 1."

మూడు ప్రతులు తీయండి. ఒకటి సీడీపీఓ ఆఫీసులో, ఒకటి పీడీ ఆఫీసులో ఇచ్చి, మూడో దాని మీద ఇన్‌వర్డ్ నంబరు (ఆఫీసుకు అందినట్టు వేసే నంబరు), తేదీ, స్టాంపు వేయించుకోండి. "మేడమ్ లేరు, రేపు రండి" అంటే ఆ రోజే పోస్టాఫీసుకు వెళ్లండి. 2025లో రిజిస్టర్డ్ పోస్టు స్పీడ్ పోస్టులో కలిసిపోయింది. కౌంటర్‌లో స్పీడ్ పోస్టుకు రిజిస్ట్రేషన్, డెలివరీ రుజువు రెండూ అడిగి తీసుకోండి. ట్రాకింగ్ పేజీని ప్రింట్ తీసి రసీదుతో పాటు దాచండి. థర్మల్ కాగితం మీద వచ్చే రసీదు ఏడాదికి వెలిసిపోతుంది. జెరాక్స్ తప్పనిసరి.

సూపర్‌వైజర్ చేతికి ఇస్తే చాలనుకోవడం మామూలుగా జరిగే పొరపాటు. ఆమె మంచి మనసుతోనే తీసుకుంటుంది, సంచిలో పెట్టుకుంటుంది, ప్రాజెక్ట్ మీటింగ్ వాయిదా పడుతుంది, ఈలోగా గడువు దాటిపోతుంది. ఇన్‌వర్డ్ నంబరు లేని అర్జీ ఇచ్చినట్టే కాదు.

పాత మెమోలు అడ్డం పెట్టినప్పుడు

"మీ మీద మెమో ఉంది" అని పరిశీలన నుంచి తప్పించడం రెండో పెద్ద రకం. గుడ్ల స్టాకులో తేడా, బాలామృతం ప్యాకెట్ల లెక్క, పోషణ్ ట్రాకర్ యాప్‌లో నమోదు కాని బరువులు, విజిట్ బుక్‌లో సూపర్‌వైజర్ రాసిన ఒక్క వాక్యం. ఏదో ఒకటి దొరుకుతుంది.

ఇక్కడ మూడు ప్రశ్నలు వేయాలి. ఆ మెమో మీకు అందిందా? సంజాయిషీ అడిగారా? మీరిచ్చిన సంజాయిషీ మీద తుది ఉత్తర్వు వచ్చిందా? మెమో ఇచ్చి, సంజాయిషీ తీసుకుని, ఆ తర్వాత ఏ నిర్ణయమూ లేకుండా ఫైలు మూసేస్తే తప్పు రుజువైనట్టు కాదు. మీకు తెలియకుండా ఫైలులో పెట్టిన వ్యతిరేక రిమార్కు ఇంకా బలహీనం. 2008లో దేవ్ దత్ కేసులో, పదోన్నతిని ప్రభావితం చేసే రిమార్కును సంబంధిత ఉద్యోగికి తెలపాలని సుప్రీంకోర్టు చెప్పింది. అది ప్రభుత్వోద్యోగి కేసు కాబట్టి మీకు అక్షరాలా వర్తిస్తుందని వాదించొద్దు. దాని వెనకున్న న్యాయం మీకూ వర్తించాలని అడగండి. నోటిఫికేషన్‌లో "పెండింగ్ మెమోలు ఉండరాదు" అన్న షరతే లేకపోతే అది ఎక్కడి నుంచి వచ్చిందని రాసి అడగండి.

షోకాజ్ నోటీసు వస్తే అందులో తేదీ, సంఘటన, ఆధారం స్పష్టంగా ఉండాలి. "విధుల్లో నిర్లక్ష్యం" అని మాత్రమే ఉంటే జవాబులో మొదటి వాక్యంగా "ఏ తేదీన, ఏ పనిలో అన్నది నోటీసులో లేదు, ఆ వివరాలు, విజిట్ బుక్ నకలు ఇస్తే పూర్తి జవాబు ఇస్తాను" అని రాసి, తెలిసినంత వరకు జవాబు కూడా అదే గడువులో ఇచ్చేయండి. కాగితాలు వచ్చేదాకా మౌనంగా ఉంటే "గడువులోగా జవాబు రాలేదు" అని ఏకపక్షంగా తేల్చేస్తారు.

పరీక్ష, ఇంటర్వ్యూ, కమిటీ

ఆట మొదలయ్యాక నియమాలు మార్చకూడదు. ఈ మాట సుప్రీంకోర్టు 2008లో కె. మంజుశ్రీ కేసులో చెప్పింది. అది మన ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో జిల్లా జడ్జీల ఎంపిక మీద వచ్చిన తగాదానే. 2024 నవంబరులో రాజ్యాంగ ధర్మాసనం దాన్ని నిలబెట్టింది. రాత పరీక్షకు ఇన్ని మార్కులని ప్రకటించి, తర్వాత ఇంటర్వ్యూకు కనీస మార్కులు పెట్టడం, లేని వెయిటేజీ కలపడం ఈ కిందికే వస్తాయి. నోటిఫికేషన్ మొదటి రోజు ప్రతిని, తర్వాత వచ్చిన ప్రతి సవరణనూ తేదీలతో దాచుకుంటే మార్పు ఎప్పుడు జరిగిందో మీరే చూపించగలరు.

పక్షపాతం విషయంలో ఏ.కె. క్రైపాక్ కేసు 1969 నుంచీ దారి చూపుతోంది. ఎంపిక కోరుకుంటున్న అధికారే ఎంపిక బోర్డులో కూర్చున్నాడు. తన పేరు వచ్చినప్పుడు పక్కకు తప్పుకున్నా మిగతావారి విషయంలో కూర్చోవడమే చాలని ఆ ఎంపికను కొట్టేశారు. కమిటీలో సభ్యురాలికి అభ్యర్థి దగ్గరి బంధువైతే, ఆమె నిజంగా అన్యాయం చేసిందని మీరు రుజువు చేయక్కర్లేదు. అనుమానానికి సహేతుకమైన ఆధారం చాలు. కానీ బంధుత్వానికి కాగితం కావాలి. రేషన్ కార్డు, ఓటరు జాబితా పేజీ లాంటివి. "అందరికీ తెలుసు" అన్నది ఆధారం కాదు.

ఇక్కడ చాలామంది ఇరుక్కునే ఉచ్చు ఒకటుంది. కమిటీలో ఎవరున్నారో ముందే తెలిసి, నోరెత్తకుండా ఇంటర్వ్యూకు వెళ్లి, ఫలితం వ్యతిరేకంగా వచ్చాక కమిటీని తప్పుపడితే కోర్టు వినదు. 1995లో మదన్ లాల్ కేసు నుంచి ఇది స్థిరపడిన మాట. తెలిసిన రోజే అభ్యంతరం రాసి ఇన్‌వర్డ్ చేయించి, "అభ్యంతరానికి లోబడి హాజరవుతున్నాను" అని రాసి వెళ్లండి. ఇది ధిక్కారం కాదు. ఇలా రాసినందుకు ఎవరినీ తప్పించే నిబంధన లేదు.

సమాచార హక్కు దరఖాస్తు

అభ్యంతరం ఇచ్చిన రోజే దీన్నీ పెట్టండి. జవాబుకు 30 రోజులు పడుతుంది కాబట్టి ఆలస్యం చేయొద్దు. పీడీ కార్యాలయ పౌర సమాచార అధికారి పేరుతో రాసి, పది రూపాయల కోర్టు ఫీజు స్టాంపు గానీ పోస్టల్ ఆర్డర్ గానీ జత చేయండి. దారిద్య్ర రేఖకు దిగువన ఉన్నవారికి రుసుము లేదు, ఆ రుజువు నకలు పెట్టాలి. సమాచారం వేరే ఆఫీసులో ఉంటే 5 రోజుల్లో అక్కడికి బదిలీ చేయాల్సింది వాళ్లే. ఉమ్మడి జిల్లా ఫైళ్లకు ఇది బాగా పనికొస్తుంది.

"నాకెందుకు ఇవ్వలేదు" అని అడిగితే "అది సమాచారం కిందికి రాదు" అని జవాబొస్తుంది. కాగితాలు అడగండి: నోటిఫికేషన్, దాని సవరణలు, తాత్కాలిక, తుది సీనియారిటీ జాబితాలు, వచ్చిన అభ్యంతరాలు, వాటిపై రాసిన నిర్ణయాలు, రోస్టర్ రిజిస్టర్‌లో ఈ నియామకాల పేజీ, ఎంపిక కమిటీ మినిట్స్, మీ మార్కుల విభజన, నోట్ ఫైల్. నకళ్లకు పేజీకి రెండు రూపాయలు. ఫైలు స్వయంగా చూస్తానని కూడా అడగవచ్చు, మొదటి గంట ఉచితం. నోట్ ఫైల్‌లో ఎవరు ఏ రోజు ఏం రాశారో ఒక్కసారి చూస్తే ఏ మాట నిజమో తెలిసిపోతుంది. కారణాలు కావాలంటే మాత్రం అదే చట్టం 4(1)(డి) సెక్షన్ పేరు రాసి, ఆ నిర్ణయం వల్ల ప్రభావితమైన వ్యక్తిగా కారణాలు కోరుతున్నానని విడిగా ఒక వాక్యం పెట్టండి.

ఇతరుల మార్కులు, సర్టిఫికెట్లు వ్యక్తిగత సమాచారమని నిరాకరించవచ్చు. అందుకే ముందు మీ సొంతవి, తర్వాత ఆఫీసు తయారుచేసిన జాబితాలు అడగండి. జవాబు రాకపోయినా, అసంపూర్తిగా వచ్చినా 30 రోజుల్లో మొదటి అప్పీలు, దాని తర్వాత 90 రోజుల్లో రాష్ట్ర సమాచార కమిషన్‌కు రెండో అప్పీలు. కమిషన్ దగ్గర చాలా కాలం పడుతుంది. మొదటి అప్పీలు దాకా వచ్చిన కాగితాలతోనే ముందుకు నడవండి.

విచారణకు పిలిస్తే, నిర్ణయం వస్తే

విచారణకు పిలుపు ఫోన్లో వస్తే "వస్తాను మేడమ్, ఒక మెమో పంపించండి" అని మర్యాదగా అడగండి. వెళ్లేటప్పుడు అసలు కాగితాలతో పాటు రెండు సెట్ల నకళ్లు, ఒక పేజీ రాతపూర్వక వాదన తీసుకెళ్లండి. ఖాళీ కాగితం మీద, "విచారణ సంతృప్తికరం" అన్న ముందే రాసిన వాక్యం కింద సంతకం పెట్టొద్దు. బయటకొచ్చిన రోజే "ఈ రోజు విచారణలో నేను ఈ మూడు అంశాలు చెప్పాను, ఈ కాగితాలు ఇచ్చాను" అని చిన్న లేఖ ఇన్‌వర్డ్ చేయించండి. అందులో పది నిమిషాల పని ఉంది, కానీ తర్వాత "ఆమె ఏమీ చెప్పలేదు" అనే అవకాశం ఉండదు.

నిర్ణయంలో కారణాలు ఉండాలి. "పరిశీలించి తిరస్కరించడమైనది" అన్నది నిర్ణయమే కాదు. మీ అభ్యంతరం ఏమిటో, ఏ నిబంధన చూశారో, ఎందుకు ఒప్పుకోలేదో రాయాలి. 1977 డిసెంబరు నాటి మొహిందర్ సింగ్ గిల్ తీర్పు ఇక్కడ గొప్ప అండ. ఉత్తర్వులో రాయని కారణాన్ని తర్వాత కోర్టులో అఫిడవిట్ ద్వారా చేర్చి ఉత్తర్వును నిలబెట్టుకోకూడదని అది చెబుతుంది. కాబట్టి కారణాలు లేని ఉత్తర్వు వస్తే నిరాశ పడొద్దు, ఆ కాగితం భద్రంగా దాచండి.

అయితే "నన్ను వినలేదు" అన్నది ఒక్కటే సరిపోదు. వినివుంటే ఫలితం మారేదని చూపాలి. 2020లో సుధీర్ కుమార్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఈ నష్టం లెక్కను గట్టిగా పట్టించుకుంది. మీ తేదీ సరిచేసినా మీరు ఎంపిక హద్దులోకి రాకపోతే, ఈ దఫా జాబితా సరిచేయించుకోవడంతో ఆగి, వచ్చే దఫాకు బలపడటమే తెలివైన పని.

కలెక్టరేట్, ఆ తర్వాత హైకోర్టు

సోమవారం మహారాణిపేట కలెక్టరేట్‌లో జరిగే పీజీఆర్‌ఎస్ (ప్రజా సమస్యల పరిష్కార వేదిక)లో అర్జీ ఇవ్వవచ్చు. అర్జీ నంబరు వస్తుంది, 1100కి ఫోన్ చేసి ఎక్కడుందో తెలుసుకోవచ్చు. కానీ చాలాసార్లు ఆ అర్జీ తిరిగి పీడీ ఆఫీసుకే వెళుతుంది. దీన్ని ఒత్తిడి పెంచే మార్గంగా వాడండి, ప్రధాన దారిగా కాదు. ఎమ్మెల్యే సిఫారసు లేఖ ఫైలులో చేరితే మీ కేసుకు బలం రాదు. పైగా అవతలివారు దాన్నే మీ మీద చూపిస్తారు.

రాష్ట్ర పరిపాలనా ట్రైబ్యునల్ ఇప్పుడు లేదు. ఉన్నా అమీర్‌బీ తీర్పు ప్రకారం మీ కేసు అక్కడికి వెళ్లేది కాదు. దారి అమరావతి హైకోర్టులో 226వ అధికరణం కింద రిట్ పిటిషన్. దానికి కచ్చితమైన గడువు లేదు కానీ ఆలస్యం కేసును చంపేస్తుంది. అర్జీల మీద అర్జీలు పెడుతూ పోతే గడువు పెరగదు. పాత విషయంపై కొత్తగా జవాబు తెచ్చుకున్నంత మాత్రాన కేసుకు కొత్త ప్రాణం రాదని 2008లో సి. జేకబ్ కేసులో చెప్పారు. తిరస్కరణ వచ్చిన నెలలోపు, జవాబే రాకపోతే రెండు నెలలు దాటకుండా లాయర్ దగ్గరికి వెళ్లడం మంచిది. నియామక ఉత్తర్వులు ఇవ్వకముందే వెళితే ఇంకా మేలు.

డబ్బు లేదని ఆగొద్దు. 1987 న్యాయ సేవల చట్టం 12వ సెక్షన్ ప్రకారం మహిళలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది. విశాఖ జిల్లా కోర్టుల సముదాయంలోని జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో దరఖాస్తు ఇస్తే హైకోర్టు న్యాయ సేవల కమిటీకి పంపుతారు. ఉచిత ఫోన్ నంబరు 15100.

లాయర్‌కు ఇచ్చే కట్టలో కాగితాలు తేదీల వారీగా ఉండాలి: నియామక ఉత్తర్వు, చేరిక రిపోర్టు, పది మెమో, నోటిఫికేషన్, తాత్కాలిక జాబితా, ఇన్‌వర్డ్ ముద్ర ఉన్న అభ్యంతరం, తుది జాబితా, తిరస్కరణ, సమాచార హక్కు జవాబులు. ముందు పేజీగా తేదీ, సంఘటన, పేజీ నంబరు అని మూడు గడుల పట్టిక మీరే చేతిరాతతో చేసివ్వండి. మీ స్థానంలో ఎంపికైనామెను ప్రతివాదిగా తప్పక చేర్చాలి. ఆమెను చేర్చకుండా ఆమె ఉద్యోగాన్ని కదిపే ఉత్తర్వు కోర్టు ఇవ్వదు. తోటి మనిషి మీద కేసు వేయడానికి మనసొప్పక ఈ పేరు వదిలేసి, ఏడాది తర్వాత కేసు పోగొట్టుకున్నట్టు కాకూడదు. ఆమెకు నోటీసు వెళ్లడం కూడా న్యాయంలో భాగమే, ఆమె మాటా వినాలి.

మధ్యలో ఎవరైనా "రెండు లక్షలిస్తే ఫైలు కదులుతుంది" అంటే ఏసీబీ (అవినీతి నిరోధక శాఖ) నంబరు 1064. 2018 సవరణ తర్వాత లంచం ఇచ్చినవారూ నేరస్థులే. బలవంతంగా ఇవ్వాల్సి వస్తే 7 రోజుల్లోపు ఫిర్యాదు చేసినవారికే మినహాయింపు.

ఎంపికైనది మీరే అయి, వేరొకరు కోర్టుకు వెళతారని అనుమానం ఉంటే కేవియట్ వేయించండి. మీ మాట వినకుండా స్టే రాకుండా చూసుకోవడానికి అది 90 రోజులు పనిచేస్తుంది, తర్వాత మళ్లీ వేయాలి.

మొదటి విడతలో హైకోర్టు చాలాసార్లు "అర్జీని ఇన్ని వారాల్లో పరిశీలించి కారణాలతో నిర్ణయం ఇవ్వండి" అనే ఉత్తర్వుతో సరిపెడుతుంది. దాన్ని గెలుపు అనుకుని ఇంట్లో కూర్చోవద్దు. సర్టిఫైడ్ కాపీ తీసుకుని, కవరింగ్ లెటర్‌తో పీడీకి, డైరెక్టర్‌కు మీరే అందించి ఇన్‌వర్డ్ తీసుకోండి, గడువు చాలాసార్లు ఉత్తర్వు అందిన తేదీ నుంచే లెక్క. గడువు దాటినా నిర్ణయం రాకపోతే ధిక్కార పిటిషన్‌కు ఒక సంవత్సరం వ్యవధి ఉంటుంది. నిర్ణయం వచ్చి మళ్లీ తిరస్కరిస్తే ధిక్కారం కాదు. ఆ కొత్త ఉత్తర్వు మీద కొత్త రిట్ వేయాలి, ఈసారి అందులో రాసిన కారణాలే మీ లక్ష్యం.